ఆగమం, ఆదేశం: కంప్యూటరు ఆటలో మార్పులను స్వహస్తంతో అమర్చుకొనే విధానం

కంప్యూటరు ఆట అనగానే కాలహరణమనీ, కళ్ళకు చేటనీ పెద్దలు నొసలు చిట్లించడం వాడుక. ఆ మాటలో నిజం లేదని మేము వాదించబోవడం లేదు. అయితే ఆట ఆడడం వేరు, ఆటను విప్పి చూడడం వేరు. గడియారం చేతికి కట్టుకొని తిరిగేవాడికీ, దాని వెనుక మూత తీసి పళ్ళచక్రాలను పరిశీలించేవాడికీ ఎంత భేదమున్నదో వీరిద్దరికీ అంత భేదమున్నది. మన విద్యార్థులలో కొందరు రెండవ తెగవారు కాబోతూ సగం దారిలో ఆగిపోతున్నారు. వారు తమ ఆటలలో 'మోడ్'లు వేసుకొంటారు. ఒకటి వేస్తే బాగుంటుంది, అయిదు వేస్తే మరీ బాగుంటుంది, పదకొండవది వేసిన మరునాడు ఆట తెరుచుకోదు. ఎందుకు తెరుచుకోలేదో వారికి తెలియదు. మొదటి పదీ ఎట్లా చేరాయో తెలియనివారికి పదకొండవది ఏమి చేసిందో తెలిసే అవకాశమే లేదు. ఏదో బొత్తాం నొక్కారు, ఏదో జరిగింది. నెలల తరబడి ఆడి దాచుకొన్న ఆట కాస్తా పోయింది. ఈ వ్యాసం ప్రధానంగా వారి కోసం; కళాశాల కంప్యూటర్లలో ఏ ఫైళ్ళు చేరుతున్నాయో అని ఆందోళన పడే కమిటీ పెద్దలకు కూడా ఇందులో రెండు మాటలున్నాయి.

ఆంగ్లంలో మార్పు అనే అర్థం గల ఒక పెద్ద మాటకు కురచ రూపం మోడ్. ఒక సంస్థ తయారుచేసి అమ్మిన ఆటకు, ఆ సంస్థతో సంబంధం లేని వ్యక్తి తన ఇంట్లో కూర్చొని చేసిన మార్పును గాని చేర్పును గాని మోడ్ అంటారు. చెట్ల ఆకులు మరింత స్పష్టంగా కనిపించేట్లు చేసేది ఒకటి. ఆటలో లేని ఊరిని కట్టి, అందులో మనుషులను నిలిపి, వారికి సంభాషణలు వ్రాసి ఇచ్చేది మరొకటి. ఉర్దూలో 'తర్మీమ్' అనే మాట దీనికి చక్కగా సరిపోతుంది. తెలుగులో 'మార్పు' అని వాడుదామని మాకూ ఉన్నది గాని, విద్యార్థుల నోట మోడ్ అన్న మాటే స్థిరపడింది కనుక మేమూ దానినే వాడుతున్నాము.

ఆటలోకి ఈ మార్పులు దొంగదారిన జొరబడ్డాయని కొందరి భ్రమ. నిజానికి ద్వారం తెరిచిపెట్టినవారు ఆటల నిర్మాతలే. 1993 డిసెంబరులో అమెరికాలోని ఇడ్ సాఫ్ట్‌వేర్ అనే సంస్థ 'డూమ్' అనే ఆటను విడుదల చేసింది. దాని ప్రధాన రచయితలలో ఒకరైన జాన్ కార్మాక్ ఆట యంత్రాంగాన్ని ఒకవైపు, ఆ యంత్రాంగం చదివే బొమ్మలు, శబ్దాలు, గదుల పటాలు మరొకవైపు విడదీసి పెట్టారు. ఈ రెండవ భాగమంతా 'వాడ్' అనే ఫైలులో ఉండేది. యంత్రాన్ని ముట్టుకోకుండానే కొత్త వాడ్ ఫైలు వ్రాసి కొత్త గదులను కట్టవచ్చు. హార్మోనియం పెట్టెను కదపకుండా ఎదుట ఉన్న స్వరాల కాగితం మార్చినట్లు! ఆ తరువాతి కథ వేగంగా నడిచింది. 1998లో వచ్చిన 'హాఫ్ లైఫ్' అనే ఆటకు మిన్ లీ, జెస్ క్లిఫ్ అనే ఇద్దరు కళాశాల విద్యార్థులు 1999లో చేసిన మోడే 'కౌంటర్ స్ట్రైక్'. మూల ఆట నిర్మాతలైన వాల్వ్ సంస్థవారే దానిని కొని, 2000లో స్వతంత్రమైన ఆటగా అమ్మారు.

మా వివరణకు మేము ఎన్నుకొన్న ఆట బెథెస్డా సంస్థవారి 'స్కైరిమ్'. అది 2011 నవంబరు 11న వెలువడింది. 2012 ఫిబ్రవరిలో నిర్మాతలే 'క్రియేషన్ కిట్' అనే పనిముట్టును ప్రజలకు ఇచ్చారు. 2016 అక్టోబరులో 'స్పెషల్ ఎడిషన్' అనే కొత్త కూర్పు వచ్చింది. మేము చెప్పే వివరాలన్నీ ఆ కూర్పుకు సంబంధించినవి. మోడ్‌ల విషయంలో ఇంత విస్తారమైన ఆట మరొకటి అరుదు. సాహిత్య విద్యార్థులకు ఒక ఉదాహరణ చెప్పి ముందుకు సాగుతాము. ఆస్ట్రేలియాలో న్యాయవాదిగా ఉన్న నిక్ పియర్స్ ఈ ఆటకు 2015లో 'ది ఫర్‌గాటెన్ సిటీ' అనే మోడ్ వ్రాశారు. భూగర్భంలో ఒక నగరం; అందులో ఒక్కరు తప్పు చేసినా అందరికీ మరణమే. ఆ రచనకు 2016లో ఆస్ట్రేలియా రచయితల సంఘంవారి పురస్కారం లభించింది. 2021లో అది విడిగా ఒక ఆటగానే వచ్చింది.

ఇక ఆట ఫోల్డరును తెరుద్దాము. స్టీమ్ అనే దుకాణం ద్వారా కొన్నవారికి అది 'స్టీమ్‌యాప్స్' ఫోల్డరులో, 'కామన్' అనే లోపలి ఫోల్డరులో, ఆట పేరుతోనే ఉంటుంది. అందులో ఆటను నడిపే ప్రధానమైన ఫైలు బయటనే కనిపిస్తుంది. దాని పక్కన 'డేటా' అనే ఫోల్డరు ఉంటుంది. యంత్రం బయట, అది చదివే సరుకంతా డేటాలో. డేటాలో ముఖ్యంగా రెండు రకాల ఫైళ్ళున్నాయి. తోకలో 'ఇఎస్ఎం' లేదా 'ఇఎస్‌పి' అని ఉన్నవి ప్లగిన్‌లు; ఏ ఊరిలో ఎవరున్నారు, ఏ కత్తి ధర ఎంత, ఎవరు ఏమి మాట్లాడతారు అనే చిట్టా అంతా వీటిలో ఉంటుంది. తోకలో 'బిఎస్ఏ' అని ఉన్నవి మూటలు. ఆకారాలు, పైపూతల బొమ్మలు, శబ్దాలు వీటిలో కట్టి ఉంచబడ్డాయి. ఆకారాలను మెష్‌లనీ, పైపూతలను టెక్స్చర్లనీ అంటారు. ఒక కత్తి రూపం మెష్, దాని మీది తుప్పు టెక్స్చరు.

ఇక్కడొక జాగ్రత్త. విండోస్‌లో 'ప్రోగ్రామ్ ఫైల్స్' ఫోల్డరుకు కాపలా ఎక్కువ. అందులోని ఫైళ్ళను మార్చబోతే అడుగడుగునా అడ్డు తగులుతుంది. స్టీమ్ తనంతట తాను ఆటను అక్కడనే పెడుతుంది. మోడ్‌లు వేయదలచినవారు ముందుగానే ఆటను వేరొక డ్రైవులో గాని, వేరొక ఫోల్డరులో గాని స్థాపించుకోవడం మేలు.

వ్యాకరణం చదివిన విద్యార్థికి ఆగమం, ఆదేశం అనే మాటలు కొత్తవి కావు. 'మా అమ్మ' అన్న చోట 'మాయమ్మ' అన్నప్పుడు నడుమ యకారం వచ్చి చేరింది. అది ఎవరినీ వెళ్ళగొట్టలేదు. అది ఆగమం. 'వాడు కొట్టె' అన్నది 'వాడు గొట్టె' అయినప్పుడు ఉన్న ककారం పోయి, దాని పీట మీద గకారం కూర్చున్నది. అది ఆదేశం. ఆగమం మిత్రునివలె పక్కన చేరుతుందనీ, ఆదేశం శత్రువువలె ఉన్నవాణ్ణి తొలగించి ఆ చోటును ఆక్రమిస్తుందనీ వైయాకరణులు చెప్పే పోలిక తరగతి గదిలో అందరమూ విన్నదే. మోడ్‌ల శాస్త్రమంతా ఈ పోలికలో ఇమిడి ఉన్నదని మా అభిప్రాయం. మీ చేతిలోని ఫైలు ఆగమమా, ఆదేశమా? ఆదేశమైతే ఎవరి స్థానంలో వస్తున్నది? ఈ ప్రశ్న వేసుకోకుండా ఫైలును డేటాలో పడవేయడమే కష్టాలన్నింటికీ మొదలు. బొత్తాం నొక్కి వేసుకొనే పద్ధతిలో ఈ ప్రశ్న మన కంటికి కనపడదు. చేతితో వేసినప్పుడు కనపడక తప్పదు. కనీసం మొదటి అయిదారు మోడ్‌లనైనా చేతితో వేయాలని మేము పట్టుబట్టడానికి కారణం ఇదే.

డౌన్‌లోడు చేసిన మోడ్ సాధారణంగా జిప్ మూటగా గాని, సెవెన్ జిప్ మూటగా గాని వస్తుంది. దానిని తిన్నగా ఆట ఫోల్డరులో విప్పకూడదు. వేరొక చోట ఖాళీ ఫోల్డరు చేసుకొని, అందులో విప్పి, లోపల ఏమున్నదో తీరికగా చూడాలి. ప్లగిన్ ఒక్కటే ఉండవచ్చు. ప్లగిన్‌తో పాటు దాని పేరే గల బిఎస్ఏ మూట ఉండవచ్చు. 'మెషెస్', 'టెక్స్చర్స్', 'స్క్రిప్ట్స్' వంటి పేర్లు గల ఫోల్డర్లు ఉండవచ్చు. ఇవన్నీ డేటా ఫోల్డరులోపల నేరుగా చేరవలసినవి. కొన్ని మూటలలో అన్నింటినీ కలిపి 'డేటా' అనే ఫోల్డరులోనే పెట్టి ఇస్తారు. అప్పుడు ఆ ఫోల్డరు లోపలి సరుకును మాత్రమే తీసి ఆట డేటాలో పెట్టాలి. తొందరపడి ఫోల్డరునే తెచ్చి పెడితే డేటాలో మరొక డేటా ఏర్పడుతుంది. ఆట ఆ లోపలి గదిలోకి తొంగిచూడదు. మోడ్ వేశాము గాని ఏ మార్పూ కనపడలేదని వచ్చేవారిలో చాలామంది చేసే పొరపాటు ఇదే. మరికొన్ని మూటలలో అంకెలు వేసిన ఫోల్డర్లు అయిదారు ఉంటాయి. పక్కన 'ఫోమోడ్' అనే ఫోల్డరు కనిపిస్తుంది. ఆ మోడ్‌లో పాఠాంతరాలున్నాయని దాని అర్థం. మేనేజరు ప్రోగ్రామైతే ఏది కావాలని అడిగి ఎక్కిస్తుంది. చేతితో వేసేవారు మోడ్ కర్త వ్రాసిన వివరణ చదివి, తమకు కావలసిన ఫోల్డరును తామే ఎంచుకోవాలి. అన్నీ కలిపి పోయకూడదు.

ఇక బొమ్మల సంగతి. ఒక ఇనుపకత్తికి కొత్త పైపూతను ఎవరో తయారుచేశారు. ఆ ఫైలును టెక్స్చర్స్ ఫోల్డరులో, ఆటలో ఉన్న దారినే, ఆ పేరుతోనే పెట్టాలి. మూటలో కట్టి ఉన్న అసలు పైపూత అట్లాగే ఉంటుంది. అయితే ఆట విడిగా ఉన్న ఫైలుకు ప్రాధాన్యమిస్తుంది, మూటలోనిదానిని పక్కన పెడుతుంది. పని తీరులో ఇది ఆదేశమే, కాని అసలుకు హాని లేదు. విడి ఫైలును తీసివేసిన మరుక్షణం పాత కత్తి తిరిగి వస్తుంది. (ఆట విడి ఫైళ్ళను గుర్తించడానికి సెట్టింగుల ఫైలులో ఆర్కైవ్ శీర్షిక కింద ఒకటి రెండు పంక్తులు చేర్చవలసి రావచ్చు, అవి మోడ్ వివరణలలో సాధారణంగా ఉంటాయి.)

ప్రమాదం రెండవ మోడ్‌తో వస్తుంది. అదే కత్తికి మరొకరు చేసిన పైపూతను కూడా మీరు వేయబోయారనుకోండి. ఈ పేరుతో ఫైలు ఇప్పటికే ఉన్నది, దాని స్థానంలో దీనిని పెట్టమంటారా అని విండోస్ అడుగుతుంది. అవునన్నారా, మొదటి మోడ్ ఫైలు నశించింది. మూటలోని అసలు ఉన్నది గాని, మొదటి మోడ్ ఇక లేదు. రేపు రెండవది నచ్చక తీసివేస్తే మొదటిది రాదు. నూటికి తొంభైమంది చదవకుండానే అవునని నొక్కే ప్రశ్న అది. మేము చెప్పే ఉపాయం చాలా పాతది: ఒక నోటుపుస్తకం. ఏ తేదీన ఏ మోడ్ వేశారు, అందులో ఏ ఏ ఫైళ్ళున్నాయి, దేని మీద దేనిని వ్రాశారు అని కలంతో వ్రాసుకోవాలి. డౌన్‌లోడు చేసిన మూటలను పారవేయకుండా ఒక చోట దాచుకోవాలి. స్టీమ్‌లో ఆట ఫైళ్ళను సరిచూచే సదుపాయం ఉన్నది. అది చెడిపోయిన అసలు ఫైళ్ళను తిరిగి తెచ్చి పెడుతుందే తప్ప మీరు చేర్చిన అదనపు ఫైళ్ళను ఏరివేయదు. వాటిని ఏరడానికి ఆ నోటుపుస్తకమే శరణ్యం.

ప్లగిన్ ఫైలును డేటాలో పెట్టినంత మాత్రాన ఆట దానిని చదవదు, చదవమని చెప్పాలి. ఆ జాబితా 'ప్లగిన్స్' అనే చిన్న టెక్స్టు ఫైలులో ఉంటుంది. అది విండోస్ కళ్ళకు కనపడకుండా దాచే 'యాప్‌డేటా' ఫోల్డరులో, 'లోకల్' అనే భాగంలో, ఆట పేరుగల ఫోల్డరులో దొరుకుతుంది. నోట్‌ప్యాడ్‌తో తెరిచి చూస్తే ఒక్కొక్క పంక్తిలో ఒక్కొక్క ప్లగిన్ పేరు ఉంటుంది. పేరుకు ముందు చుక్కగుర్తు, అంటే నక్షత్రం, ఉన్నదానిని ఆట చదువుతుంది, లేనిదానిని వదలివేస్తుంది. చిత్రమేమంటే ఇంత పెద్ద ఆటను శాసించేది ఈ పది పంక్తుల కాగితమే.

ఆ పంక్తుల వరుసే అసలు కీలకం. ఆట పైనుంచి కిందకు చదువుతుంది. ఒకే వస్తువును రెండు ప్లగిన్‌లు మార్చితే కింద ఉన్నదాని మాట చెల్లుతుంది. రెండు సూత్రాలకు తగవు వచ్చినప్పుడు తరువాతి సూత్రానిదే పైచేయి అని పాణిని ఏర్పరచిన నియమం ఇక్కడ అక్షరాలా అమలు జరుగుతున్నది! ఆ నియమం తెలియనివారికి ఏ సూత్రం ఎందుకు ఓడిందో అర్థం కానట్లే, ఈ వరుస తెలియనివారికి తమ మోడ్ ఎందుకు పని చేయలేదో అర్థం కాదు.

ఒక లెక్క చూద్దాము. ఆటలో ఇనుపకత్తి ధర 25, బరువు 9, దెబ్బ 7. ఒక మోడ్ దాని ధరను మాత్రం 40 చేసింది. మరొక మోడ్ బరువును మాత్రం 6 చేసింది. రెండూ వేస్తే ధర 40, బరువు 6 అవుతుందని అనుకోవడం సహజం. కాదు. ఆట కత్తికి సంబంధించిన పట్టికను మొత్తంగా తీసుకొంటుంది, గడిగడికీ విడదీసి కాదు. బరువు మోడ్ కింద ఉంటే దాని పట్టికలో ధర పాత 25గానే వ్రాసి ఉన్నది కనుక ఫలితం ధర 25, బరువు 6. మొదటి మోడ్ శ్రమ వ్యర్థం. వరుస తిప్పితే ధర 40, బరువు 9. ఎట్లా తిప్పినా రెండు కోరికలూ తీరవు. అందుకే 'ప్యాచ్' అనే మూడవ ప్లగిన్ వ్రాస్తారు. ధర 40, బరువు 6 అని రెండింటినీ సమన్వయం చేసి ఆ రెండింటికీ కింద నిలుపుతారు. ఎక్కడెక్కడ ఇట్లాంటి తగవులున్నాయో పక్కపక్క గడులలో చూపే 'ఎక్స్‌ఎడిట్' అనే ఉచిత ప్రోగ్రామున్నది. గణితం, వాణిజ్యం చదివే విద్యార్థులు దానిని ఒకసారి తెరిచి చూడాలి. పద్దులు సరిచూచే గుమాస్తా పని అది.

ఇందులో ఒక ఊరట ఉన్నది. బొమ్మల ఫైలు మీద ఫైలు వ్రాసినప్పుడు పాతది నశించిందని చెప్పాము. ప్లగిన్‌ల తగవులో ఏదీ నశించదు. ఓడిన పట్టిక తన ఫైలులో భద్రంగానే ఉంటుంది. వరుస మారిస్తే తిరిగి గెలుస్తుంది.

ఒక ప్లగిన్ మరొక ప్లగిన్ మీద ఆధారపడి ఉండవచ్చు. ఆధారమైనదానిని మాస్టర్ అంటారు. అది వరుసలో పైన ఉండాలి. అసలు లేకపోయినట్లయితే ఆట మొదటి తెర కూడా చూపకుండా మూతపడుతుంది. మోడ్ పేజీలో 'కావలసినవి' అనే శీర్షిక ఉండేది ఇందుకే. ఆట తెరుచుకోగానే మూతపడితే మొదట అనుమానించవలసినది దీనినే.

ప్లగిన్‌ల సంఖ్యకు ఒక హద్దున్నది. ఆటలోని ప్రతి వస్తువుకూ ఎనిమిది స్థానాల సంఖ్య ఉంటుంది. అది పదహారు అంకెల పద్ధతిలో వ్రాసిన సంఖ్య. మొదటి రెండు స్థానాలు ఆ వస్తువు ఏ ప్లగిన్‌దో చెబుతాయి. రెండు స్థానాలలో 16ను 16తో గుణిస్తే 256 రకాలు. అందులో ఒకటి ఆట నడిచేటప్పుడు పుట్టే వస్తువులకు పోగా 255. స్పెషల్ ఎడిషన్‌లో మరొకటిని తేలిక ప్లగిన్‌లకు కేటాయించారు. దాని కింద మరి మూడు స్థానాలు వాడుకొని 4096 చిన్న ప్లగిన్‌లను ఇమిడ్చారు. మామూలు ప్లగిన్‌లకు 254 మిగిలాయి. ఇంటి నంబరుకు ముందు వార్డు నంబరు వేసే పురపాలక పద్ధతి లాంటిదే ఇది.

ఇప్పుడు దాచిన ఆట గురించి చెప్పాలి. విద్యార్థులు నిజంగా నష్టపోయేది ఇక్కడనే. 'డాక్యుమెంట్స్' ఫోల్డరులో 'మై గేమ్స్' అనే చోట 'సేవ్స్' ఉంటాయి. మోడ్ వేసే ముందు ఆ ఫోల్డరును నకలు తీసి వేరొక చోట పెట్టాలి. మోడ్‌లలోని స్క్రిప్టులు, అంటే ఆటకు ఆజ్ఞలిచ్చే వ్రాతలు, సేవ్ ఫైలులోపలికి ఎక్కుతాయి. మోడ్‌ను తీసివేసినా అవి సేవ్‌లో అనాథలై మిగిలి, తమ యజమానిని వెదుకుతూ ఉంటాయి. పైపూతలను ఎప్పుడైనా తీసివేయవచ్చు. స్క్రిప్టులున్న మోడ్‌ను ఆట నడుమ తీసివేయకూడదు. తీయక తప్పకపోతే, ఆ మోడ్ వేయకముందు దాచిన సేవ్‌కు తిరిగి వెళ్ళాలి. ఆ నకలు లేనివాడు ఇరవయ్యవ గంటలో బాగానే నడిచి, నూరవ గంటలో కూలిపోయే ఆటతో మిగిలిపోతాడు. అటువంటివారు మా దగ్గరకు వచ్చినప్పుడు ఓదార్పు తప్ప మేము ఇవ్వగలిగింది లేదు.

అరవై నాలుగు మోడ్‌లు వేసిన తరువాత ఆట చెడితే దోషి ఎవరు? ఒక్కొక్కటిగా తీసి చూస్తే అరవై నాలుగు ప్రయత్నాలు కావచ్చు. సగం తీసి చూడండి. ఆట నడిస్తే దోషి తీసినవాటిలో ఉన్నది, నడవకపోతే మిగిలినవాటిలో ఉన్నది. ఆ సగాన్ని మళ్ళీ సగం చేయండి. ముప్పై రెండు, పదహారు, ఎనిమిది, నాలుగు, రెండు, ఒకటి: ఆరు ప్రయత్నాలలో దొరుకుతుంది. మాస్టర్లను వాటి ఆశ్రితులతో కలిపే కదపాలి. పరీక్షను కొత్త ఆట మొదలుపెట్టి చేయాలే గాని, దాచుకొన్న సేవ్‌తో చేయకూడదు. దోషులు ఇద్దరై, కలిసి ఉన్నప్పుడే కీడు చేసే రకమైతే మాత్రం ఈ లెక్క కొంత తికమక పెడుతుంది.

నమ్మకం విషయానికి వస్తే, మోడ్‌లన్నీ ఒకే రకం ప్రమాదం కావు. పైపూత ఒక బొమ్మ మాత్రమే. ప్లగిన్‌లోని స్క్రిప్టు ఆట లోపలనే తిరుగుతుంది. కాని తోకలో 'డిఎల్ఎల్' అని గాని, 'ఇఎక్స్ఇ' అని గాని ఉన్నది కంప్యూటరు మీద మీకున్న అధికారమంతా తీసుకొని పని చేస్తుంది. 2023 జూన్‌లో 'మైన్‌క్రాఫ్ట్' అనే మరొక ఆట మోడ్‌లలో దుండగులు దొంగ ప్రోగ్రామును చొప్పించారు. వాడుకరుల రహస్య సంకేతాలను దొంగిలించడమే గాక, ఆ కంప్యూటరులో ఉన్న అదే జాతి ఫైళ్ళన్నింటికీ అంటుకొనేట్లు దానిని తయారుచేశారు. పేరున్న మోడ్ సైట్ల మీదనే ఇది జరిగింది. కావున కళాశాల ల్యాబులో, పదిమంది వాడే యంత్రంలో, ఈ పనులు ఎంతమాత్రం చేయరాదని మేము గట్టిగా చెబుతున్నాము. ఈ విషయంలో కమిటీ పెద్దల కట్టడి సమంజసమే. స్వంత యంత్రంలో కూడా మోడ్‌ను దాని కర్త పెట్టిన పేజీ నుంచే తీసుకోవాలి. ఎవరో మరల మూటకట్టి ఇచ్చినదానిని తీసుకోకూడదు.

కర్త మాట వచ్చింది కనుక ఒక చిన్న ముచ్చట. తాళపత్రాల కాలంలో లేఖకులు తమ పద్యాలను కవి గ్రంథంలో కలిపివేయడం వల్ల ఏది అసలో ఏది ప్రక్షిప్తమో తేల్చలేక పరిష్కర్తలు తలలు పట్టుకొన్నారు. వేమన పేర నేడు చెలామణి అయ్యే పద్యాల సంగతి అందరికీ తెలిసిందే. మోడ్ కర్త అంతకంటె నిజాయితీపరుడు. తన చేర్పును తన పేరుతో, వేరే ఫైలులో ఇస్తాడు. ఇష్టం లేనివారు తీసివేయవచ్చు. సాధారణంగా సొమ్ము అడగడు. 2015 ఏప్రిల్‌లో స్టీమ్ దుకాణంలో స్కైరిమ్ మోడ్‌లను వెలకట్టి అమ్మే ఏర్పాటు మొదలైంది. వెలలో కర్తకు దక్కేది నాలుగవ వంతు. ఆటగాళ్ళ నిరసనతో నాలుగు రోజులకే దానిని ఉపసంహరించారు. కర్త పాలు అంత తక్కువగా ఉండడం మాకూ రుచించలేదు గాని, శ్రమకు ఫలం కోరడమే తప్పన్నట్లు సాగిన కొన్ని వాదనలు కూడా రుచించలేదు. ఏమైనా ఒకరి మోడ్‌ను తన పేరుతో మరొక చోట పెట్టడం గ్రంథచౌర్యంతో సమానం.

అయిదారు మోడ్‌లు చేతితో వేసి, తీసి, మళ్ళీ వేసి చూచిన తరువాత మేనేజరు ప్రోగ్రాములను వాడవచ్చు. ఇరవై ముప్పై దాటిన తరువాత వాడక తప్పదు కూడా. 'మోడ్ ఆర్గనైజర్' అనేది డేటా ఫోల్డరును ముట్టుకోనే ముట్టుకోదు. మోడ్‌లను వేరు వేరు ఫోల్డర్లలో ఉంచి, ఆట నడిచేటప్పుడు అవి డేటాలోనే ఉన్నట్లు దానికి భ్రమ కల్పిస్తుంది. ఒకదాని మీద ఒకటి వ్రాసి నశింపజేసే బాధ తప్పుతుంది. 'లూట్' అనే ప్రోగ్రాము ప్లగిన్‌ల వరుసను సూచిస్తుంది. అది సూచనే. ఇనుపకత్తికి ధర ముఖ్యమా, బరువు ముఖ్యమా అన్నది మీరు నిర్ణయించవలసిందే.

చివరగా 'ఎస్‌కెఎస్ఇ' అనే దాని సంగతి. ఆట స్క్రిప్టులకు లేని శక్తులను చేర్చే ఈ ప్రోగ్రాము చాలా మోడ్‌లకు పునాది. సరుకుల జాబితాను చదువుకొనేందుకు వీలుగా తీర్చిదిద్దే 'స్కైయుఐ' కూడా దీని మీదనే నిలిచి ఉన్నది. దీని ప్రధాన ఫైళ్ళు డేటాలో కాక, బయట, ఆటను నడిపే ఫైలు పక్కనే చేరాలి. స్క్రిప్టులు మాత్రం డేటాలోని స్క్రిప్ట్స్ ఫోల్డరులోకి పోవాలి. అటుపై ఆటను స్టీమ్ నుంచి కాక దీని స్వంత ఫైలుతోనే మొదలుపెట్టాలి. ఇది ఆట కూర్పు సంఖ్యకు కచ్చితంగా సరిపోవాలి. 2021 నవంబరులోను, 2023 డిసెంబరులోను ఆట కొత్త కూర్పులు వచ్చినప్పుడు దీని మీద ఆధారపడిన మోడ్‌లు ఒక్కసారిగా మూలపడ్డాయి. స్టీమ్‌లో ఆట లక్షణాలు తెరిచి, ఆటను మొదలుపెట్టినప్పుడు మాత్రమే కొత్త కూర్పును తెచ్చుకొనేట్లు ఏర్పాటు చేసుకోవాలి. ఎస్‌కెఎస్ఇ ఫైలుతోనే ఆటను మొదలుపెట్టేవారికి కూర్పు తనంతట తాను మారదు. ఆధారమైన మోడ్‌లన్నీ కొత్త కూర్పుకు సవరించబడినవని వాటి పేజీలలో చూచుకొన్న తరువాత, సేవ్స్ ఫోల్డరుకు మరొక నకలు తీసి, అప్పుడు స్టీమ్ నుంచి మార్చుకోవచ్చు.